తపాలాశాఖలో ఒక కవి: హంఫ్రీ జెన్నింగ్స్

ఇంగ్లండు దేశములో యథార్థజీవితమును తెరకెక్కించు డాక్యుమెంటరీ కళ పెరిగి పెద్దదైన పుట్టిల్లు, ఉత్తరములు బట్వాడా చేయుచు, టెలిఫోను తీగలు లాగుచు, సామాన్యజనుల పొదుపుసొమ్మును భద్రపఱచుచు నుండిన తపాలాశాఖ. ఈ సంగతి వినుటకు వింతగా తోచవచ్చును గాని, దానికొక పూర్వకథ కలదు. స్కాట్లండువాడగు జాన్ గ్రియర్సన్ అను మేధావి, ప్రజాస్వామ్యములో పౌరునకు తన చుట్టునున్న ప్రపంచము అవగతము కావలెనన్న చలనచిత్రమును మించిన సాధనము లేదని నిశ్చయించుకొని, సామ్రాజ్య వర్తకప్రచారమునకై ఏర్పడిన ఎంపైర్ మార్కెటింగ్ బోర్డు నాశ్రయించి, ఉత్తరసముద్రమున హెర్రింగు చేపలు పట్టు జాలరులను గూర్చి 1929లో ‘డ్రిఫ్టర్స్’ అను మూకీచిత్రమును నిర్మించెను. 1933లో ఆ బోర్డు రద్దు కాగా, దాని కార్యదర్శియైన స్టీఫెన్ టాలెంట్స్ తాను తపాలాశాఖకు మారుచు ఆ చిత్రబృందమును కూడ వెంటబెట్టుకొని పోయెను. అది మొదలు ఆ బృందమునకు జీ.పీ.ఓ. ఫిల్మ్ యూనిట్ అని పేరు వచ్చెను. లండను నుండి స్కాట్లండుకు రాత్రివేళ పరుగిడు తపాలారైలును గూర్చి వారు 1936లో తీసిన ‘నైట్ మెయిల్’ నేటికిని ప్రపంచ ప్రసిద్ధము. దానికి పద్యములు వ్రాసినవాడు ఆడెన్, సంగీతము కూర్చినవాడు బెంజమిన్ బ్రిటెన్.

ఈ బృందమున 1934లో వచ్చి చేరిన హంఫ్రీ జెన్నింగ్స్ చరిత్రయే ఇచ్చట ప్రస్తావించ దలచిన విషయము. సర్కారు కొలువులో నుండి, సర్కారు ఆజ్ఞ మేరకు, సర్కారు సొమ్ముతో తీసిన ప్రచారచిత్రములు ఆ ప్రచారపు అక్కఱ తీరిన వెంటనే అటక నెక్కుట సర్వసాధారణము. జెన్నింగ్స్ చిత్రములకు ఆ గతి పట్టలేదు. అతడు చెప్పవలసినదానిని చెప్పుటకంటె, చూడవలసినదానిని ప్రక్కప్రక్కన పెట్టి ఊరకుండుటయే మేలని నమ్మెను. ఆ నమ్మకము అతనికెట్లు కలిగినదో, యుద్ధకాలమున అదెట్లు పండినదో తెలిసికొన్నచో అతని కళారహస్యము మనకు బోధపడును.

1907 ఆగస్టు 19వ తేదీన ఇంగ్లండు తూర్పుతీరమున సఫోక్ సీమయందలి వాల్బర్స్విక్ అను పల్లెలో అతడు జన్మించెను. తండ్రి వాస్తుశిల్పి, తల్లి చిత్రకారిణి. ఇరువురును చేతిపనుల గౌరవమును, పాతకాలపు వృత్తిసంఘముల నీతిని పునరుద్ధరింపవలెనను గిల్డు సోషలిజమును అభిమానించినవారు. యంత్రము వచ్చి మనుష్యుని చేతినుండి ఏమి తీసికొనిపోయినది, ఏమి ఇచ్చినది అను ప్రశ్న ఆ ఇంటి గాలిలోనే యుండెను; ఆ ప్రశ్న అతనిని చివరిదాక విడువలేదు. కేంబ్రిడ్జిలో పెర్స్ పాఠశాలయందును, పిమ్మట పెంబ్రోక్ కళాశాలయందును చదివి, ఆంగ్లసాహిత్యమున ప్రథమశ్రేణి నందుకొనెను. విలియం ఎంప్సన్, జాకబ్ బ్రొనోవ్‌స్కీ మొదలగు సహాధ్యాయులతో కలిసి ‘ఎక్స్‌పెరిమెంట్’ అను పత్రికను నడపెను, నాటకములకు రంగాలంకరణ చేసెను, బొమ్మలు వేసెను, కవితలు వ్రాసెను, థామస్ గ్రే కవిని గూర్చి పరిశోధన మొదలుపెట్టి, పూర్తిచేయక విడిచెను. ఇన్ని విద్యలు చేతనున్నను ఏ ఒక్కటియు ఇల్లు గడపునది కాకపోవుటచే, భార్యాబిడ్డలను పోషింపవలసిన ఆ యువకుడు తపాలాశాఖ వాకిట నిలువవలసి వచ్చెను. సినిమా అతడు కోరి వరించిన కళ కాదు. జీవనోపాధికై అందివచ్చిన పని.

గ్రియర్సన్ శిష్యవర్గము అతనిని మొదట గొప్పగా ఎంచలేదు. వారికి చిత్రము ఒక ప్రసంగవేదిక వంటిది. సామాజిక ప్రయోజనము ముందు, సొగసు తరువాత. ఈ కేంబ్రిడ్జి చిత్రకారుడు సుకుమారుడు, నిలుకడ లేనివాడు, చేతికి మసి అంటని పండితుడు అని వారి యభిప్రాయము. బ్రెజిల్ దేశమున పుట్టి పారిస్ నగరమున సినిమా నేర్చిన అల్బెర్తో కవల్‌కాంతి మాత్రము, శబ్దమును బొమ్మకు దాసిగా గాక తోబుట్టువుగా చూచువాడగుటచే, ఇతనిలోని సత్తువను గుర్తించెను.

జెన్నింగ్స్ దృష్టిని తీర్చిదిద్దినవి ఫిల్మ్ యూనిట్‌కు వెలుపలి రెండు వ్యాపకములు. మొదటిది సర్రియలిజము. 1936 వేసవిలో లండనులోని న్యూ బర్లింగ్టన్ చిత్రశాలలో జరిగిన అంతర్జాతీయ సర్రియలిస్టు ప్రదర్శనకు హెర్బర్ట్ రీడ్, రోలండ్ పెన్‌రోజ్ మున్నగువారితోపాటు ఇతడును నిర్వాహకుడు. సంబంధము లేనట్లు కనబడు రెండు వస్తువులను దగ్గఱకు చేర్చినపుడు, ఆ రెంటిలోను లేని మూడవ అర్థము మెరుపువలె పుట్టునను సూత్రమును అతడక్కడ గ్రహించెను. రెండవది మాస్ అబ్జర్వేషన్ అను ప్రజాపరిశీలనోద్యమము. 1937లో కవియు పత్రికారచయితయునగు చార్లెస్ మ్యాడ్జ్, మానవశాస్త్ర పరిశోధకుడగు టామ్ హారిసన్, జెన్నింగ్స్ కలిసి దీనిని స్థాపించిరి. దూరదేశములలోని ఆటవికజాతుల ఆచారములను గ్రంథస్థము చేయుచున్న ఆంగ్లేయుడు, తన వీధిలోని పొరుగువాడు ఏమి తినుచున్నాడో, ఏమి నమ్ముచున్నాడో, దేనికి భయపడుచున్నాడో ఎఱుగడు గదా యను చింతయే ఆ సంస్థకు మూలము. ఆ యేడు మే 12వ తేదీన ఆరవ జార్జి పట్టాభిషేకము జరుగగా, దేశమంతట నున్న పరిశీలకులు ఆ దినమున తాము కన్నవి, విన్నవి, తమ పొరుగువారు మాటలాడుకొన్నవి వ్రాసి పంపిరి. వానినన్నిటిని ఒకదాని ప్రక్కన ఒకటిగా కూర్చి ‘మే ది ట్వెల్ఫ్త్’ అను గ్రంథముగా వెలువరించిరి. రాజు ఊరేగింపు ఒకచోట, వానలో తడియుచు సణుగుకొను ముసలమ్మ మరియొకచోట, రేడియో మ్రోగుచుండ వంట చేసికొను ఇల్లాలు వేఱొకచోట — ఇదంతయు కలిసి ఒక్కదినము. తరువాతి చిత్రములకు ఇది కాగితముమీద జరిగిన సాధన యని నా నిశ్చయము.

ఆ సాధన తెరమీదికి వచ్చిన తొలిచిత్రము 1939లోని ‘స్పేర్ టైమ్’. షెఫీల్డు ఉక్కు కార్మికులు, లాంకషైర్ నూలుమిల్లుల పనివారు, వేల్సు బొగ్గుగనుల శ్రామికులు పని ముగిసిన పిమ్మట తమ సొంతకాలమును ఎట్లు గడుపుదురో చూపు పదునైదు నిమిషముల చిత్రమది. శ్రామికుని పనిలో చూపుట గ్రియర్సన్ బాట. పని దిగిన తరువాత చూపుట జెన్నింగ్స్ తెంపరితనము. పావురములను ఎగురవేయువారు, సైకిళ్లమీద పోవువారు, పిల్లలకు బొమ్మలాట కట్టువారు, మాంచెస్టరులో మెరుపుబట్టలు కట్టి చలిగాలిలో కజూ పీకలూదుచు కవాతుచేయు యువతులు, వేల్సులో ఒక్కరొక్కరుగా వచ్చి చుట్టుజేరి పాటనందుకొను బృందగాయకులు — వీరి నెవరిని అతడు మెచ్చుకొనలేదు, ఎత్తిపొడవలేదు. వ్యాఖ్యానము పిడికెడు వాక్యములు మాత్రమే. ఇది శ్రామికులను చులకన చేయుటయే యని డాక్యుమెంటరీ వర్గములోనే కొందఱు నొచ్చుకొనిరి. వారి నొవ్వు నాకు సమంజసముగా తోచదు. ఉద్ధరింపదగిన దీనులుగా గాక, తమ ఆనందమునకు తామే కర్తలైన మనుష్యులుగా శ్రామికులను చూపుటలో గౌరవమే కలదు గాని చులకన లేదు.

ఆ సంవత్సరమే సెప్టెంబరు 3వ తేదీన యుద్ధము ప్రకటింపబడెను. తపాలాశాఖ చిత్రబృందము సమాచార మంత్రిత్వశాఖ క్రిందికి వచ్చి, 1940లో క్రౌన్ ఫిల్మ్ యూనిట్ అను కొత్తపేరు దాల్చెను. ఆ శరత్కాలమున జర్మను విమానములు రాత్రి వెనుక రాత్రిగా లండనుపై బాంబులు కురియుచుండగా, హ్యారీ వాట్‌తో కలిసి జెన్నింగ్స్ తీసిన ‘లండన్ కెన్ టేక్ ఇట్’ అను పది నిమిషముల చిత్రము అమెరికా ప్రజల మనస్సు నాకట్టుకొనుటకై ఉద్దేశింపబడినది. అందుచేతనే వ్యాఖ్యానమును క్వెంటిన్ రేనాల్డ్స్ అను అమెరికా విలేఖరిచేత చదివించిరి. కూలిన ఇంటిముందు అద్దపుపెంకులను ఊడ్చుకొను స్త్రీ, శిథిలములమీదుగా అడుగులు వేయుచు ఆఫీసుకు పోవు గుమాస్తా, పగిలిన అద్దపు చట్రములోనుండియే దుకాణమున అడుగుపెట్టు యువతి — ఈ చిన్నచిన్న చేష్టలే ఆ చిత్రమున వీరరసము. మరుసటి యేడు మిల్టన్, బ్లేక్, బ్రౌనింగ్, కిప్లింగ్ మొదలగువారి పలుకులను, చర్చిల్, లింకనుల ప్రసంగభాగములను లారెన్స్ ఒలీవియర్ కంఠమున పలికించి ‘వర్డ్స్ ఫర్ బాటిల్’ తీసెను.

అతని చిత్రములన్నిటిలోను పరిపూర్ణమైనది 1942లో విడుదలయైన ‘లిజన్ టు బ్రిటన్’ అని నా యభిప్రాయము. ఇరువది నిమిషములకు మించని ఈ చిత్రమునకు జెన్నింగ్స్ పేరుతోపాటు కూర్పరి స్టూవర్ట్ మెకాలిస్టర్ పేరు సమానముగా తెరమీద కనబడును. అది మర్యాదకొఱకు వేసిన పేరు కాదు. ఇందు వ్యాఖ్యానము లేదు, కథ లేదు, నాయకుడు లేడు. ఒక పగలు సాయంకాలము వైపునకు వాలి, రాత్రి గడిచి, మరునాటి మధ్యాహ్నము వఱకు ఒక దేశము చేయు చప్పుడు మాత్రమే కలదు. పైరుగాలికి తలలూపు పొలముమీదుగా యుద్ధవిమానములు ఉరుముచు పోవును. బ్లాక్‌పూల్ టవర్ నాట్యశాలలో సైనికులును యువతులును జంటలుగా గుండ్రముగా తిరుగుచుందురు. బయట చీకటిలో ఇనుపటోపీలు ధరించినవారు సముద్రమువైపు చూచుచు కావలి కాయుచుందురు. గనిలోనికి దిగు కార్మికులు, ఆగిన రైలుపెట్టెలో తమ దూరదేశమును తలచుకొని పాడు కెనడా సైనికులు, లోకపు నానాభాగములకు పలుకు రేడియో కంఠములు, తెల్లవాఱగనే పనికి నడచిపోవు జనము, పాఠశాల ఆవరణమున చేతులు పట్టుకొని ఆడు పిల్లలు, వారిని కిటికీలోనుండి చూచుచు సైనికవేషమున నున్న తనవాని పటమువైపు దృష్టి మరల్చు ఇల్లాలు; పాతకాలపు కొయ్యదూలముల ఇండ్ల నడుమ వీధిలో గడగడలాడుచు పోవు యుద్ధశకటములు.

ఇందొక సంధి కలదు. దానిని కొంత నిదానించి చూడవలెను. ఒక కర్మాగారపు భోజనశాలలో ఫ్లానగన్, అలెన్ అను జోడు హాస్యగాయకులు, తిండి పళ్లెములముందు కూర్చున్న వందలకొలది పనివారికి ఒక వీథిపాట పాడుచుందురు. పనివారు ఈలవేయుచు గొంతు కలుపుదురు. ఆ పాట ముగియవలసిన స్వరమున ముగియకముందే, అదే స్వరము మరియొక వాద్యముల మేళములోనికి ఒదిగిపోవును. మనము కన్ను తెఱచి చూచునప్పటికి లండను నేషనల్ గ్యాలరీలో నుందుము. అచ్చట మైరా హెస్ మొజార్టు కూర్చిన పియానో కచేరి వాయించుచుండును. శ్రోతలలో రాణి కూర్చుండియుండును. ఆ ప్రక్కనే సైనికులు, కాగితము చుట్టిన రొట్టెముక్కలు తినుచు వినువారు. గోడలమీద పటములులేని ఖాళీ చట్రములు వ్రేలాడుచుండును, ఏలననగా చిత్రములన్నియు బాంబులకు దూరముగా వేల్సునందలి ఒక పలకరాతిగనిలో దాచబడినవి. 1939 అక్టోబరులో మైరా హెస్ ప్రారంభించిన ఈ మధ్యాహ్నపు కచేరీలు యుద్ధకాలమంతయు సాగెను. జర్మనులతో పోరాడుచున్న నగరము, జర్మను భాషీయుల సంగీతమును మధ్యాహ్నభోజనవేళ కూర్చుండి వినుచుండెను. వీథిపాటయు మొజార్టును ఒక్క సొత్తే యని, ఆ సొత్తు అందఱిదని ఆ సంధి చెప్పకయే చెప్పుచున్నది. ఇదే మాటను ఏ మంత్రియైన వేదికనెక్కి చెప్పినచో మనము నమ్మియుండము.

ఎడ్గర్ ఆన్‌స్టీ వంటి తోటి డాక్యుమెంటరీ నిర్మాత ‘స్పెక్టేటర్’ పత్రికలో ఈ చిత్రమును, యుద్ధసమయమున ఇట్టి సొగసులా యని తీవ్రముగా దూషించెను. అమెరికాలో చూపునపుడు జనులకు అర్థము కాదేమోనని అధికారులు భయపడి, ముందు ఒక పెద్దమనిషిచేత పీఠికాప్రసంగము చేయించి అంటించిరి. కాని మంత్రిత్వశాఖ సంచారవాహనములు కర్మాగారములకును, గ్రామమందిరములకును మోసికొనిపోయి చూపినపుడు, సామాన్యులు ఆదరముతో చూచిరి. వ్యాఖ్యాత లేకున్న జనులకు అర్థము కాదను భయము ప్రభుత్వములకు స్వభావసిద్ధము. మనదేశమున ఆ భయము మిక్కిలి వేళ్లూనినది. 1940లో బొంబాయిలో ఫిల్మ్ అడ్వయిజరీ బోర్డును నెలకొల్పినపుడు చిత్రనిర్మాణమును నడపుటకు వచ్చిన అలెగ్జాండర్ షా ఈ జీ.పీ.ఓ. బృందమువాడే. దాని తరువాత 1943లో ఇన్ఫర్మేషన్ ఫిల్మ్స్ ఆఫ్ ఇండియా, స్వాతంత్ర్యానంతరము 1948లో ఫిల్మ్స్ డివిజన్ ఏర్పడెను. ఫిల్మ్స్ డివిజన్ తన చిత్రములకు తెలుగు వ్యాఖ్యానమును మొదటినుండియు చేర్చుచు వచ్చెను. ఆటకు ముందు ప్రతి సినిమాహాలులోను ఆనకట్టలను, ఉక్కు కర్మాగారములను చూపుచు గంభీరముగా మ్రోగిన ఆ గొంతు మన పెద్దలందఱికిని పరిచితమే. గ్రియర్సన్ వేదిక మనకు వచ్చినది, జెన్నింగ్స్ మౌనము రాలేదు. 1967లో ఎస్. సుఖదేవ్ ‘ఇండియా 67’ అను చిత్రమును వ్యాఖ్యానము లేకుండ తీయువఱకు ఆ మౌనమునకు మన డాక్యుమెంటరీలలో చోటు అరుదు.

1942 తొలిమాసములలో జెన్నింగ్స్ తన ఏకైక దీర్ఘచిత్రమునకు పూనుకొనెను. లండను రేవులలోని గిడ్డంగులు బాంబులకు అంటుకొనినపుడు వానిని ఆర్పిన అగ్నిమాపక సహాయదళము దానికి వస్తువు. ఒక్క నటుడునులేడు, నిజమైన అగ్నిమాపకులే, కొలువునుండి తాత్కాలికముగా విడుదలపొంది, పాత్రలు ధరించిరి. ఫ్రెడ్ గ్రిఫిత్స్ యుద్ధమునకు పూర్వము టాక్సీ నడపినవాడు. విలియం శాన్సమ్ అగ్నిమాపకుడుగా పనిచేయుచునే కథలు వ్రాయుచుండిన రచయిత. అప్పటికి లండనుపై ఎడతెగని దాడులు సద్దుమణిగియుండుటచే, సెయింట్ క్యాథరిన్ రేవువద్ద ఇదివఱకే కాలి మొండిగోడలై నిలిచిన కట్టడములలో మరల మంటలు పెట్టి, అగ్నిమాపకులచే మరల ఆర్పించుచు చిత్రించిరి. సంభాషణలను చాలవఱకు వారి నోటి మాటగనే రానిచ్చెను. మొదట ‘ఐ వాజ్ ఎ ఫైర్‌మన్’ అను పేర సిద్ధమైన దీర్ఘరూపమును కొంత కుదించి, 1943లో ‘ఫైర్స్ వర్ స్టార్టెడ్’ అను పేర విడుదల చేసిరి.

ఇరువదినాలుగు గంటల కథ. దళమునకు కొత్తగా బారెట్ అను ప్రకటనల రచయిత వచ్చి చేరును. పగలు శిక్షణ, సాయంకాలము వినోదము, రాత్రి మంట, తెల్లవాఱిన పిమ్మట ఒక అంత్యక్రియ. సాయంకాలపు ఘట్టమున బారెట్ పియానో ముందు కూర్చుండి, గడ్డికోతకు ఒకడు, ఇద్దఱు, ముగ్గురు చొప్పున పోవు లెక్కపాట నొకదానిని వాయించుచుండగా, విధికి సిద్ధమై ఒక్కొక్క అగ్నిమాపకుడు తలుపు తీసికొని లోపలికి వచ్చును. వచ్చినవానికొక చరణము చొప్పున పాట పెరుగుచుండును. పెరిగిన పాట ఒక దళమగును. అంతలో అపాయసూచన చేయు కూత వినబడును. రాత్రి, నియంత్రణగృహములో టెలిఫోనుముందు కూర్చున్న యువతి బాంబు పడిన అదటుకు బల్లక్రిందికి దూఱి, నెత్తురోడు నుదుటితో పైకి వచ్చి, అటు మాటలాడువానికి నడుమ ఆటంకము కలిగినందుకు క్షమాపణ చెప్పుకొని, తెగిన వాక్యమును తెగినచోటనే అందుకొనును. ధైర్యమును చూపుటకు ఇంతకంటె పొదుపైన దృశ్యము నేను మరియొకటి ఎఱుగను. ఆ రాత్రి పైకప్పునుండి జాకో అనువాడు మంటలలో పడి మరణించును. మరునాడు మిత్రులు అతనిని మట్టిచేయుచుండగా, వారు కాపాడిన ఆయుధముల ఓడ రేవువిడిచి సాగిపోవుటను జెన్నింగ్స్ ప్రక్కన చూపెను.

తెలుగువాడు ఈ చిత్రమును చూచునపుడు మరియొక రేవు జ్ఞప్తికి రాకపోదు. జెన్నింగ్స్ దీనిని తీయుచుండిన ఆ వసంతముననే, 1942 ఏప్రిల్ 6వ తేదీన, జపాను విమానములు విశాఖపట్టణముపైనను కాకినాడపైనను బాంబులు వేసెను. 1933లో తెఱవబడిన విశాఖ రేవును, ఈ దాడికి ముందటి యేడే రాజేంద్రప్రసాదు శంకుస్థాపన చేసిన సింధియా నౌకానిర్మాణశాలను నమ్ముకొని బ్రదుకుచుండిన జనులు మూటాముల్లెలు కట్టుకొని లోపలి గ్రామములకు తరలిపోయిరి. వారి భయమును, వారి నిబ్బరమును, పోయినవారి పేర్లను తెరమీద పదిలపఱచిన జెన్నింగ్స్ మనకు లేకపోయెను. ఆ ఆగస్టుననే క్విట్ ఇండియా నినాదము చెలరేగి నాయకులు చెఱసాలల పాలైరి. చిత్రము విడుదలయైన 1943లో, అదే ప్రభుత్వపు ఏలుబడిలో, వంగదేశమున లక్షలాది జనులు అన్నములేక మరణించిరి. మిల్టను స్వాతంత్ర్యవచనములను ఒలీవియర్ చదువుచుండగా ఈ సంగతి మన మనస్సున మెదలక మానదు. జెన్నింగ్స్ ఒక ద్వీపమును ప్రేమించి, ఆ ద్వీపపు జనులను గూర్చి సత్యము పలికినాడు; ఆ ద్వీపము ఏలిన దేశములు అతని తెరమీదికి రాలేదు. ఈ లోటును చెప్పకుండ అతనిని పొగడుట అతని సత్యసంధతకే అపచారము.

ఐనను ఇతరుల బాధను తమ బాధగా భావింపజేయు నేర్పు అతనికి కలదనుటకు ‘ది సైలెంట్ విలేజ్’ సాక్ష్యము. నాజీ అధికారి హైడ్రిక్ హత్యకు ప్రతీకారముగా, 1942 జూన్ 10వ తేదీన చెకోస్లవాకియాలో లిడిత్సే అను గని కార్మికుల పల్లెను జర్మనులు నేలమట్టము చేసిరి. మగవారిని కాల్చిచంపి, స్త్రీలను నిర్బంధశిబిరమునకు తోలి, పిల్లలను వారినుండి వేఱుచేసి, వారిలో పెక్కుమందిని పొట్టనబెట్టుకొనిరి. ఆ కథను జెన్నింగ్స్ దక్షిణవేల్సులోని కుమ్‌గీద్ అను బొగ్గుగనుల పల్లెకు మార్చి, ఆ పల్లెవారిచేతనే నటింపజేసెను. జర్మనుల ముఖము మనకు కనబడదు. వీధిలో మెల్లగా తిరుగు నల్లని కారు, దానిపైనుండి ఆజ్ఞలు పలుకు లౌడ్‌స్పీకరు, కవాతుచప్పుడు — అంతే. బడిలో ఇకమీదట వేల్షు భాష మాటలాడరాదని ఆజ్ఞ వచ్చును. ఉపాధ్యాయురాలు ఆ సంగతిని పిల్లలకు చెప్పు ఘట్టము, మాతృభాషకై ఉద్యమించిన ఏ జాతివానికైనను గుండె పట్టుకొనునట్టిది. చివర మగవారు శ్మశానపు గోడకు వరుసగా నిలిచి తమ జాతీయగీతము పాడుచు ప్రాణములు విడుతురు. ఈ చిత్రము తీయుచు గని కార్మికులతో గడపిన కాలమున, యంత్రయుగము పుట్టుక యెట్టిదో వారికి ఉపన్యసించుటకై అతడు పాతపుస్తకములనుండి ఎత్తి వ్రాసికొన్న భాగములను చేర్చుకొనుచుండెను. ఆ వ్రాతప్రతి క్రమముగా పెరిగి అతని జీవితకాల గ్రంథమయ్యెను.

యుద్ధము ముగియవచ్చుచుండగా తీసిన ‘ఎ డైరీ ఫర్ తిమొతీ’ యందు ధోరణి మాఱెను. 1944 సెప్టెంబరు 3న, యుద్ధము మొదలై సరిగా అయిదేండ్లు నిండిన దినమున పుట్టిన ఒక పసివానికి, వాని మొదటి ఆఱునెలల కాలమున లోకమున ఏమి జరిగినదో చెప్పు చిత్రమిది. వ్యాఖ్యానము వ్రాసినవాడు ఇ. ఎం. ఫోర్‌స్టర్, 1921లో దేవాస్ సంస్థానమున మహారాజునకు ఆంతరంగిక కార్యదర్శిగా నుండి, 1924లో ‘ఎ పాసేజ్ టు ఇండియా’ ప్రకటించిన ఆయనయే. చదివినవాడు మైకేల్ రెడ్‌గ్రేవ్. గాయపడిన విమానచోదకుడు, గనిలో చేయి విఱిగిన కార్మికుడు, రైలు డ్రైవరు, రైతు — ఈ నలువుర బ్రదుకులు పసివాని ఊయలచుట్టు అల్లుకొనును. విజయము చేరువైనకొలది చిత్రమున సంతోషము కాక శంక పెరుగును: పనులు లేని పాతరోజులు మరల వచ్చునా, అధికారదాహము మరల లోకమును కాల్చునా అని పసివానినే అడుగుదురు. గెలుపువేళ ప్రభుత్వపు సొమ్ముతో ఇట్టి ప్రశ్న వేయుటకు గుండెదిటవు కావలెను. పిమ్మట 1946లో శిథిల జర్మనీని చూపు ‘ఎ డిఫీటెడ్ పీపుల్’ వచ్చెను. అందు ద్వేషము లేదు.

యుద్ధానంతర కాలము అతనికి అచ్చిరాలేదు. 1947లో ఒక కథాచిత్రపు సన్నాహమునకై బర్మా వెళ్లి వచ్చెను. అది అతని చేతిమీదుగా తెరకెక్కలేదు. గనులను గూర్చియు, దేశపు దిగులును గూర్చియు తీసిన చిన్నచిత్రములలో మునుపటి వేడి లేదు. యుద్ధము ఒక జాతిని ఏకముచేసి అతని కెమెరాముందు నిలిపినది. శాంతి వచ్చి వారిని మరల ఎవరి త్రోవన వారిని పంపివేసినది. 1951 బ్రిటన్ ఉత్సవమునకై తీసిన ‘ఫ్యామిలీ పోర్ట్రెయిట్’ అతని చివరి చిత్రమయ్యెను. ఐరోపా దేశముల ఆరోగ్యస్థితిని గూర్చిన చిత్రమునకు స్థలములు వెదకుచు గ్రీసు దేశమునకు పోయి, 1950 సెప్టెంబరు 24వ తేదీన పోరోస్ దీవిలో ఒక కొండచరియనుండి జాఱిపడి మరణించెను. వయస్సు నలువదిమూడేండ్లు. ఏథెన్సు నగరమున అతని సమాధి కలదు.

1954లో యువవిమర్శకుడు లిండ్సే ఆండర్సన్ ‘సైట్ అండ్ సౌండ్’ పత్రికలో వ్రాసిన వ్యాసమున, బ్రిటిషు సినిమా కన్న నిజమైన కవి ఇతడొక్కడే యని నిర్ధారణ చేసెను. ఆ ఆండర్సనే తరువాత ఫ్రీ సినిమా ఉద్యమమునకు నాయకుడై, వీధులను, అంగళ్లను, శ్రామికుల ముఖములను మరల తెరమీదికి తెచ్చెను. జెన్నింగ్స్ గని కార్మికుల కొఱకు మొదలుపెట్టిన వ్రాతప్రతి మాత్రము పెట్టెలోనే యుండిపోయెను. 1660 మొదలు 1886 వఱకు శాస్త్రజ్ఞులు, కవులు, యంత్రనిర్మాతలు, పనివారు, బాటసారులు వ్రాసిన ఉత్తరములనుండి, దినచర్యలనుండి ఏఱి, కాలక్రమమున కూర్చిన ఆ సంకలనమునకు అతడు మిల్టను కావ్యమునుండి ‘పాండెమోనియం’ అను పేరు తీసికొనెను. కుమార్తె మేరీ లూ జెన్నింగ్స్, పాతమిత్రుడు చార్లెస్ మ్యాడ్జ్ కలిసి పరిష్కరించి దానిని 1985లో ప్రకటించిరి. 2012 లండను ఒలింపిక్ క్రీడల ప్రారంభోత్సవమును రూపొందించిన డానీ బోయిల్‌కు ఆ గ్రంథమును రచయిత ఫ్రాంక్ కాట్రెల్ బాయ్స్ అందింపగా, పచ్చికబయళ్లను చీల్చుకొని పొగగొట్టములు లేచు ఆ ఉత్సవఘట్టము అందునుండి పుట్టినది. దానికి ఆ పేరే పెట్టిరి.